డీటీపీ అన్న

నల్లగొండ క్లాక్‌టవర్ దగ్గరైనా, మహబూబ్‌నగర్ క్లాక్‌టవర్ దగ్గరైనా నాలుగు జిరాక్సు దుకాణాలు దాటితే ఆయన తగులుతాడు. కీబోర్డు మీద అక్షరాలు ఏనాడో చెరిగిపోయి ఉంటాయి. ఆయనకు వాటితో పనిలేదు. పెండ్లిపత్రిక, సంతాప ఫ్లెక్సీ, ఎమ్మార్వోకు అర్జీ, యూనియన్ కరపత్రం అన్నీ ఆ వేళ్లకిందనుంచి రావాల్సిందే. బోర్డు మీద ఏ పేరున్నా ఊరందరికీ ఆయన డీటీపీ అన్న.

కంప్యూటరు తెరమీద వెంకటేశ్వరస్వామి ఉంటాడు. నామాలు మాత్రం కనపడవు, ఫైళ్లు కప్పేసి ఉంటాయి. వాటి పేర్లు 'న్యూ', 'న్యూ 1', 'ఫైనల్', 'ఫైనల్ కరెక్షన్', 'లాస్ట్ ఫైనల్', 'వాళ్ల బావది'. ఎవరి బావ అని అడక్కూడదు.

చండూరు నుంచి ఒకాయన వస్తాడు.

"అన్నా, పోయినేడు మా చెల్లె పెండ్లికి పత్రిక జేసినవు. తమ్మునిది గూడ అట్లనే గావాలె."

"నెమళ్ల బార్డర్. మీ బావది దేవరకొండ. వినాయకుడు చిన్నగున్నడని మీ నాయిన పంచాది వెట్టుకున్నడు."

"గదేనే!"

"యాడికి వోతది, ఉంటది. కూసో."

మనుషుల్ని పేరు, ఊరు, తారీఖు అని ముక్కలు చేసి గళ్లలో నింపేది మామూలు డేటాబేసు. వస్తువును విడగొట్టకుండా ఉన్నదున్నట్టు దాచుకునేది ఆబ్జెక్ట్ డేటాబేసు. పెద్ద కంపెనీలు దాన్ని డబ్బుపెట్టి కొన్నాయి. అన్న బుర్రలో అది పుట్టుకతోనే ఉంది: నెమళ్లు, బావ, నాయిన పంచాయితీ, ఇంకా రాని రెండొందల బాకీ, అంతా ఒకే మూట.

పక్కన కూర్చున్న డిగ్రీ పిల్లగాడికి ఇది నచ్చదు. "సెర్చ్ గొడితె అయిపాయె గదన్నా" అని తెలుగులో 'చండూరు' అని కొడతాడు. చక్రం తిరిగి తిరిగి ఒక్క ఫైలూ దొరకలేదంటుంది. అన్న నవ్వడు, చాయ్ తాగుతాడు. అన్న వాడే అను ఫాంట్లలో తెరమీద తెలుగక్షరం కనిపిస్తుందిగానీ ఫైలు లోపల ఉండేది ఇంగ్లిషు అక్షరాలూ గుర్తులూ. యూనికోడ్ 1991లోనే తెలుగుకు సొంత సంకేతాలిచ్చింది, ఆ కబురు అన్న పత్రికలు చేసే పేజ్‌మేకర్‌ దాకా రాలేదు. పేజ్‌మేకర్ ఆఖరి వెర్షన్ 7 వచ్చింది 2001లో. దాన్ని అడోబీ వదిలేసింది, అన్న వదలలేదు. ఇంట్లో కంప్యూటరంతా వెతికిపెడతానని 2004లో గూగుల్ డెస్క్‌టాప్ వచ్చింది, 2011లో మూటాముల్లె సర్దుకుంది. అన్న ఇంకా దుకాణం తెరుస్తూనే ఉన్నాడు.

ఆయన అసలు ఆస్తి డీ డ్రైవులోని 'వినాయకులు' ఫోల్డరు. జిల్లాలో సగం లగ్గాలకు అక్కడి వినాయకుడే దిక్కు. పత్రికలో బొమ్మ ఉండదు, బొమ్మ ఎక్కడుందో చెప్పే లింకు ఉంటుంది. ఓసారి పనికొచ్చిన పిల్లగాడు పుణ్యానికి పోయి, సర్దుతున్నానని ఆ ఫోల్డరును 'ఈ' డ్రైవులోకి జరిపాడు. తెల్లారి ఏ పత్రిక తెరిచినా బొమ్మ ఎక్కడుందో చూపించమని కంప్యూటరు అడగడమే! పెండ్లిండ్ల సీజనులో విఘ్నేశ్వరుడే విఘ్నం.

విండోస్‌లో డీఎల్‌ఎల్ ఫైళ్ల కథా ఇదే. ఒక్క ఫైలును నాలుగైదు ప్రోగ్రాములు పంచుకుంటాయి. అది పోతే అన్నీ పడకేస్తాయి. లినక్స్‌లోనూ ఈ ఉమ్మడి కాపురమే, ఫైలు తోక మాత్రం .ఎస్ఓ. 'ఎంఎస్‌వీసీఆర్100.డీఎల్‌ఎల్ లేదు' అని తెరమీద పడగానే కస్టమరు గుండె జారుతుంది, అన్న మాత్రం డ్రాయరు లాగుతాడు. అందులో రబ్బరు బ్యాండు చుట్టిన పెన్‌డ్రైవు, దాంట్లో ఊళ్లో కంప్యూటర్లన్నిట్లోంచి పోగేసిన డీఎల్‌ఎల్‌లు, వాటితోపాటు ఊళ్లోని వైరస్‌లూ. విజువల్ సీ ప్లస్ ప్లస్ 2010 ప్యాకేజీని మైక్రోసాఫ్ట్ నుంచే ఉచితంగా ఎక్కించుకుంటే సరిపోతుందని డిగ్రీ పిల్లగాడు చెబుతాడు. అన్న దృష్టిలో అది చేతగానివాళ్ల పద్ధతి.

చండూరాయన పత్రిక మాత్రం పది నిమిషాల్లో దొరికింది, 'వాళ్ల బావది' కింద. పాతదాని మీదే పేర్లు మార్చి ఇచ్చేశాడు. మీరూ ఆయన దగ్గరికే పోండి, అంత తొందరగా ఇంకెవరూ చేసివ్వరు. ప్రూఫు మాత్రం రెండుసార్లు చదువుకోండి, ముఖ్యంగా పెండ్లికొడుకు పేరు.