అశ్వబంధన సూత్రానికి టీకా తాత్పర్యం

మూలం: "గట్టిగ కట్టెయ్ర బై, అదే నిలవడ్తది!"

అవతారిక: ఉప్పల్‌లో బయల్దేరిన బరాత్ నాచారంలో ఒక ఫంక్షన్ హాలు గేటు చేరినప్పుడు, పెళ్లికొడుకు మేనమామగారు గుర్రాన్ని చూపిస్తూ సాయీసుకు చేసిన ఉపదేశమిది. ఛందస్సు లేదు గాని స్వరం ఉదాత్తమే.

టీక: 'గట్టిగ', 'కట్టెయ్' సుగమాలు. 'బై' పాదపూరణం. 'అదే' దగ్గర ఆగాలి. ఎవరూ నేర్పకుండానే అని భావం. ఇక్కడ పూర్వులతో పేచీ వస్తుంది. తెలుగు భారతంలో విరాటుడి గుర్రాలు చూడడానికి చేరిన నకులుడు దామగ్రంథి అని పేరు పెట్టుకున్నాడు. తన పేర అశ్వశాస్త్రమే చెలామణి అయినవాడు, పాండవుల్లో అందగాడు, ఏడాదిపాటు తాడూ ముడీ అని పిలిపించుకున్నాడన్నమాట! రఘువంశం మూడో సర్గలో దిలీపుడి యాగాశ్వాన్ని ఇంద్రుడు రథానికి కట్టి ఎత్తుకుపోతాడు. అక్కడా అది ఊరుకోలేదు, సారథి మాటిమాటికీ అదుపు చేయవలసి వచ్చింది. దేవేంద్రుడు కట్టినా నిలవనిది మేనమామగారు కట్టిస్తే నిలుస్తుందా? ఆ కావ్యానికి వ్యాఖ్య రాసిన మల్లినాథసూరి మన మెదక్ దగ్గరి కొల్చారం వాడు, అక్కర్లేనిది రాయనని మాటిచ్చినవాడు. నేనలాంటి మాటేమీ ఇవ్వలేదు గనక ఇంకొకటి: 1886లో మలక్‌పేటకు తరలకముందు గుర్రప్పందేలు నాచారం పొరుగున మౌలాలిలోనే జరిగేవి. ఈ నేలకు గుర్రం కొత్త కాదు, మేనమామగారికే కొత్త.

విశేషం: గుర్రం పరుగును నమ్ముకుని బతికే జీవి. తల వెనక తాడు బిగిస్తే బెదిరి వెనక్కి గుంజుతుంది. ఎంత బిగిస్తే అంత గుంజుతుంది. కనుక కట్టడం ఆఖరి పాఠం. ముందు తాడు చేతిలోనే ఉంచుకుని మెల్లగా లాగాలి, ఒక్క అడుగు ముందుకేసిందా, తక్షణం వదులు చేయాలి. లొంగితే బిగువు పోతుందని దానికి తెలిశాకే గుంజ. అది కదలనిదై ఉండాలి. ముడి గుర్రం మూపుకన్నా పైన ఉండాలి, మనం కొస లాగితే ఒక్క గుంజుకు ఊడిరావాలి. తాడు మూరెడో రెండు మూరలో. కట్టేది తలతాడుకే, కళ్లేనికి కాదు, కళ్లెం దవడను కోస్తుంది. మొదట కాసేపే. డెక్కతో నేల గీకుతున్నప్పుడు విప్పకూడదు, నెమ్మదించాకే విప్పాలి. లేకపోతే గీకుడే విద్య అవుతుంది.

ఆ రాత్రి గేటు గ్రిల్లుకు కట్టించారు, అదీ కళ్లెంతోనే. ఒక పక్క డీజే బండి, ఇంకో పక్క పటాకుల లడీ. "డీజే జర ఆపుండ్రి సాబ్" అన్నాడు సాయీసు. మేనమామగారు ఆ వాక్యాన్ని ప్రక్షిప్తంగా నిర్ణయించి తమ సూత్రాన్నే మళ్లీ పఠించారు. లడీ పేలింది. గుర్రం గుంజింది. గ్రిల్లు రెక్క ఊడివచ్చింది, గుర్రం నోటి నిండా నెత్తురు. రెక్క ఖరీదు సాయీసు కిరాయిలో కోసేశారు. నోటికి కట్టిన ఖరీదు మాత్రం ఎక్కడా వినబడలేదు.

ప్రమాణం: 1960 నాటి జంతుహింస నివారణ చట్టం, 11వ సెక్షన్. మరీ పొట్టి తాడుతోనో బరువైన గొలుసుతోనో మితిమీరినసేపు కట్టి ఉంచడం నేరమే. మొదటి తప్పుకు జరిమానా 10 రూపాయల నుంచి 50 దాకా. ఆ రాత్రి పెళ్లికొడుకు తల చుట్టూ తిప్పి బ్యాండువాళ్ల మీదికి విసిరిన నోట్లలో చిన్నది వంద.