కలుపుకుపోతున్నట్టు కనిపించడం ఎలా?

టీషర్టులతో మొదలుపెట్టండి. ఏప్రిల్ 2 ప్రపంచ ఆటిజం అవగాహన దినం. ఐక్యరాజ్యసమితి 2007లో తీర్మానం చేసి 2008 నుంచి జరుపుతోంది కాబట్టి మీ కంపెనీ ఇప్పటికే చాలా ఆలస్యం చేసినట్టు. ఆర్డరు ఇవాళే వెళ్ళిపోవాలి. రంగు నీలం. ముందు కంపెనీ లోగో, వెనక ‘భిన్నత్వమే మా బలం’ అనో మరోటో. పాలిస్టర్ అయితే చవకగా వస్తుంది. మెడ వెనక గరుకు లేబులు ఉండేలా చూసుకోండి. మీ ఫ్లోరులో నిజంగానే ఆటిజం ఉన్న ఉద్యోగి ఉంటే, ఆ లేబులు పది నిమిషాలు కూడా భరించలేక, బాత్‌రూమ్‌కి వెళ్ళి విప్పేసి, సొంత చొక్కాతో తిరిగొస్తాడు. గ్రూపు ఫొటోలో అతనొక్కడే వేరే రంగులో కనిపిస్తాడు. ‘కాస్త పక్కకు జరుగు బ్రో, ఫ్రేము పాడవుతోంది’ అనండి.

కెఫెటేరియాలో డీజే తప్పనిసరి. పెద్ద చప్పుళ్ళు పడనివాళ్ళ పేరు మీద జరుగుతున్న పండగ కదా, సౌండు ఎంత పెంచితే అంత గౌరవం. వక్తను బెంగళూరు నుంచి విమానంలో రప్పించండి. మన దేశంలో ఆటిజాన్ని అంచనా వేయడానికి వాడే 40 అంశాల స్కేలు తయారైంది సికింద్రాబాద్ మనోవికాస్‌నగర్‌లోని కేంద్ర సంస్థలో. గచ్చిబౌలి నుంచి క్యాబ్‌లో పోయి రావచ్చు. ఆ సంగతి ఫైనాన్సు వాళ్ళ చెవిన పడితే ఫ్లైటు బిల్లు పాసవదు, జాగ్రత్త. ‘మన ఆఫీసులోనే ఉన్నవాళ్ళు ఎవరైనా మాట్లాడితే బాగుంటుందేమో’ అని ఎవరైనా అంటే, ‘పాపం, వాళ్ళను ఇబ్బంది పెట్టడమెందుకు?’ అనండి. ‘పాపం’ అన్నాక చర్చ సాగదు.

పండగ అయ్యాక పాలసీ. ఇది మీరనుకున్నంత కష్టమేమీ కాదు. 1995 చట్టంలో వైకల్యాలు ఏడు రకాలే. 2016 చట్టం వాటిని 21 చేసి, ఆటిజాన్నీ, డిస్లెక్సియా లాంటి అభ్యసన వైకల్యాలనూ కలిపింది. 20 మంది, అంతకు మించి ఉద్యోగులున్న ప్రైవేటు సంస్థకు కూడా సమాన అవకాశాల పాలసీ, ఒక లైజన్ ఆఫీసరు ఉండాలని నిబంధనలు వచ్చాయి. పాలసీని పక్క కంపెనీ వెబ్‌సైట్ నుంచి దించి పేరు మార్చండి. మూడో పేజీలో వాళ్ళ పేరు అలాగే మిగిలిపోతుంది, ఫరవాలేదు, మూడో పేజీ దాకా ఎవరూ రారు. లైజన్ ఆఫీసరుగా నోటీసు పీరియడ్‌లో ఉన్నవాణ్ణి వేయండి. చట్టాన్ని మొదటిసారి ఉల్లంఘిస్తే జరిమానా 10,000 రూపాయల దాకా. మీ టీషర్టుల బిల్లు అంతకంటే ఎక్కువే అయ్యుంటుంది. మళ్ళీ ఉల్లంఘిస్తే 50,000 నుంచి 5 లక్షల దాకా అంటారు. అప్పటికి మీరు ముప్ఫై శాతం హైకు మీద ఇంకో కంపెనీలో ఉంటారు.

ఎవరో ఒకరు ఆ పాలసీని నిజమని నమ్మి, ఏదో అడగడానికి మీ క్యాబిన్‌కి వస్తారు. సర్టిఫికెట్ అడగండి. ఏడీహెచ్‌డీ అంటే, ఆ 21 రకాల్లో దానికి విడిగా పేరే లేదని చెప్పండి. ఆటిజం అంటే, ‘నలభై శాతం ఉందా?’ అనండి. ఆ నలభై శాతం లెక్క రిజర్వేషన్లకీ పథకాలకీ. మామూలు వెసులుబాటుకు అది గీటురాయి కాదని 2021లో ఒక సివిల్స్ అభ్యర్థి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. చెబితే చెప్పింది, తీర్పులు మీ ఇన్‌బాక్సుకు రావు కదా. ‘సదరం క్యాంపుకు వెళ్ళి రామ్మా’ అనండి చాలు. ఏళ్ళ తరబడి కోడు రాస్తున్న సీనియర్ డెవలపరు, కుర్చీ మార్పించుకోవడం కోసం ప్రభుత్వాసుపత్రి వరండాలో లైను కట్టడాన్ని ఊహించుకుని, అక్కడికక్కడే ‘వద్దులెండి సర్’ అంటుంది.

కాగితం లేకుండా నోటితో చెప్పుకునేవాళ్ళూ ఉంటారు. వన్-ఆన్-వన్‌లో, తలుపు మూసి, మెల్లగా. అప్పుడు మీరు అనాల్సిన మాటలు మూడున్నాయి. ‘చూస్తే అలా అనిపించవే!’ (అలా అనిపించకుండా ఉండటానికే ఆమె రోజంతా అరిగిపోతోంది, మెచ్చుకోలుగా అనండి.) ‘మనందరికీ కొంచెం కొంచెం ఉంటుందిలే.’ ‘మా చిన్నోడూ అంతే, హోంవర్కు చేయమంటే కదలడు.’ ఆ సాయంత్రమే టీ దగ్గర ఇద్దరు ముగ్గురికి, వాళ్ళకు సెన్సిటివిటీ పెరగాలి కాబట్టి, విషయం చెప్పండి. హైదరాబాద్ పెద్ద ఊరే కానీ పెళ్ళిసంబంధాల వాట్సాప్ గ్రూపులకు మహా చిన్నది. మీ హెచ్ఆర్ మేడమ్ ఆడపడుచు తోడికోడలు ఎవరికి దగ్గరి చుట్టమో మీకు తెలియదు. మన పిల్లలు ఆఫీసులో నోరు విప్పకపోవడానికి కారణం కంపెనీ భయం ఒక్కటే అనుకుంటే పొరపాటు. ఇంట్లోవాళ్ళే ‘పెళ్ళయ్యేదాకా ఎక్కడా అనకు’ అని ఒట్టు వేయించుకుని ఉంటారు. ఆ ఒట్టు ఎంత తెలివైనదో మీరు రుజువు చేసినట్టవుతుంది.

కొత్తవాళ్ళను తీసుకునేటప్పుడు పాత పద్ధతే మేలు. ‘మీ గురించి చెప్పండి’, ‘ఐదేళ్ళ తర్వాత ఎక్కడుంటారు?’ అని అడగండి. ‘నాకెలా తెలుస్తుంది సర్?’ అని నిజం చెప్పినవాణ్ణి, మాట్లాడేటప్పుడు మీ కళ్ళలోకి చూడనివాణ్ణి ‘కమ్యూనికేషన్ వీక్’ అని పంపేయండి. డెన్మార్క్‌లో థార్కిల్ సోన్నె అనే ఆయన, కొడుక్కి ఆటిజం అని తెలిశాక, 2004లో స్పెషలిస్టర్నె అనే సంస్థ పెట్టాడు. అక్కడ ఇలాంటి ప్రశ్నలకు బదులు లెగో రోబోలు ఇచ్చి పని చేయించి చూసేవాళ్ళు. 2013లో శాప్ కంపెనీ ఆటిజం ఉన్నవాళ్ళను ప్రత్యేకంగా ఉద్యోగాల్లోకి తీసుకునే కార్యక్రమం మొదలుపెట్టింది. వీటి గురించి మీ ప్రెజెంటేషన్‌లో ఒక స్లైడు పెట్టుకోండి. స్లైడు దాకానే.

పొరపాటున ఎవరైనా లోపలికి వచ్చేస్తే మేధావిని చేసేయండి. ‘రెయిన్ మ్యాన్’ చూశారు కదా. 1988 నాటి సినిమా అయినా మేనేజర్లకు ఇప్పటికీ అదే సిలబస్. అందులో ఆటిజం ఉన్న పాత్రకు చూపించినలాంటి అద్భుత ప్రతిభ నిజంగా ఆటిజం ఉన్నవాళ్ళలో కొద్దిమందికే ఉంటుందన్నది పక్కనపెట్టి, ఎవరికీ ఇష్టం లేని డేటా క్లీనింగంతా ‘ఇది నీ సూపర్ పవర్’ అంటూ అప్పగించండి. ప్రమోషను మాట వస్తే, సూపర్ పవర్ ఉన్నవాళ్ళకు టీమును నడపడం రాదని చెప్పండి.

ఇక అసలు సంగతి. పైన చెప్పినవాటిలో ఏది తప్పినా సర్దుకోవచ్చు. ఇది తప్పితే మాత్రం మీ కుర్చీకే ముప్పు. ఏ పనినీ స్పష్టంగా చెప్పకండి.

వాళ్ళు అడిగేవాటిలో చాలా భాగం ఒకటే కోరిక రకరకాల వేషాల్లో వస్తుంది. ఏం కావాలో రాసి పెట్టండి, ఎప్పటికి కావాలో చెప్పండి, మీటింగు దేని గురించో ముందే తెలియజేయండి. పైసా ఖర్చు లేదు. అందుకే మోసపోకండి. శుక్రవారం సాయంత్రం నాలుగూ నలభైకి ఆ సీనియర్ డెవలపరుకు చాట్‌లో ‘నీతో ఒకసారి మాట్లాడాలి’ అని పెట్టి లాగాఫ్ అయిపోండి. సోమవారం పదింటికి పిలిచి విషయం చెప్పండి: టీమ్ లంచ్‌కు వెజ్జా, నాన్‌వెజ్జా? శని, ఆదివారాలు ఆమె ఉద్యోగం పోయినట్టే లెక్కలు వేసుకుని, ఈఎంఐలు కూడుకుని, తిండి మానేసి ఉంటుంది. మీకు మాత్రం ఎన్ని బిర్యానీలు చెప్పాలో తేలిపోయింది.

ఇంకొకటి. ‘ఆ రిపోర్టు సోమవారానికి ఇచ్చేయ్, చాలు’ అనండి. మీ మనసులో ఉన్నది ఆదివారం రాత్రి. మిగతావాళ్ళు మీ మొహం చూసి, పోయినసారి జరిగింది గుర్తుచేసుకుని, శనివారమే ల్యాప్‌టాప్ తెరుస్తారు. ఆటిజం ఉన్న ఉద్యోగి మాత్రం సోమవారం అంటే సోమవారమే అనుకుని సాయంత్రం ఐదింటికి, ఒక్క అంకె తప్పు లేకుండా పంపుతాడు.

‘ఇప్పుడా పంపేది?’

‘సోమవారానికి అన్నారు కదా సర్. ఇవాళ సోమవారమే.’

వదలకండి. క్యాలెండరును సాక్ష్యానికి పిలిచిన ఉద్యోగికి యాటిట్యూడ్ ఉన్నట్టే. రివ్యూలో ‘ఓనర్‌షిప్ లేదు’ అని రాయండి. ఓనర్‌షిప్ అంటే ఏమిటో మీ కంపెనీలో ఎక్కడా రాసి లేదు కనక, తనకు ఉందని ఎవరూ నిరూపించలేరు.

స్పష్టతతో వచ్చే ప్రమాదమేమిటంటే, అది మీ మెడకే చుట్టుకుంటుంది. ఏం చేయాలి, ఎప్పటికి, ఏమేం ఉంటే పూర్తయినట్టు అని మూడు లైన్ల మెయిలు పెట్టారనుకోండి. అతను ఆ మూడూ చేసి చూపిస్తే అప్రైజల్లో ఏ మొహం పెట్టుకుని కోత కోస్తారు? బెల్ కర్వ్‌కు ఎవరో ఒకరు అడుగున పడాలి. ఎవరన్నది మీరు ముందే అనుకుంటారు, ఎందుకన్నది తర్వాత వెతుక్కుంటారు. రాతలో ఏదీ లేనంతకాలమే ఆ వెతుకులాట సాగుతుంది. పైగా అలాంటి మెయిలు ఒక్కరి కోసం మొదలుపెట్టినా అక్కడితో ఆగదు. మొన్న చేరిన ఫ్రెషరు, మెటర్నిటీ లీవు నుంచి తిరిగొచ్చినామె, రాత్రి కాల్‌లో నిద్ర ఆపుకోలేనివాడు, అందరూ ‘మాకూ అలాగే పెట్టండి’ అంటారు. ఒక్కరికి సాయం చేయబోతే టీమంతా బాగుపడే ప్రమాదం ఉంది.

ఈ విషయంలో మన పెంపకం మీ పక్షానే ఉంది లెండి. చెప్పకుండానే తెలుసుకునేవాడే బుద్ధిమంతుడు మనకు. చుట్టాల ముందు అమ్మ కనుబొమ్మ కదిపితే జంతికల పళ్ళెం దగ్గర్నుంచి చెయ్యి వెనక్కి రావాలి. బళ్ళో మాస్టారు గొంతు సవరించుకుంటే లేచి నిలబడాలి. ఆ పరీక్షలో చిన్నప్పటినుంచీ ఫెయిలవుతూ, మిగతా పరీక్షలన్నిట్లో ఫస్టు వస్తూ పెరిగిన పిల్లలు వీళ్ళు. ఆ పాత పరీక్షనే జీతమిచ్చి మళ్ళీ రాయిస్తున్నారు మీరు.

ఫెయిలయ్యాక పీఐపీలో, అంటే పనితీరు మెరుగుపరుచుకోమనే గడువులో, పెట్టండి. మానసిక వైకల్యం ఉన్న ఒక సీఆర్పీఎఫ్ అధికారి మీద పెట్టిన క్రమశిక్షణ చర్యలు వివక్ష కిందికే వస్తాయని 2021 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. ఆయనది ప్రభుత్వోద్యోగం, మాది ప్రైవేటు అనుకుని నిశ్చింతగా పడుకోండి.

మిగిలింది ఆ డెవలపరు సీటు. ప్యాంట్రీ పక్కన వేయించండి, మైక్రోవేవ్‌లో నిన్నటి చేపల పులుసు వేడెక్కే చోట. హెడ్‌ఫోన్లు పెట్టుకుంటే ‘కలివిడిగా ఉండదు’ అని నోట్ చేసుకోండి. అన్నిటికంటే ముఖ్యంగా, లైట్ల విషయంలో మెత్తబడకండి. ఆమె సీటు మీది ఎల్‌ఈడీ ప్యానెలు సన్నగా అదురుతూ ఉంటుంది. పక్కవాళ్ళకు తెలియదు, ఆమెకు మాత్రం భోజనాల వేళకే తల పగిలిపోతుంది. దాన్ని ఆర్పించమంటుంది. టికెట్ పెట్టమనండి. ఫెసిలిటీస్ కుర్రాడు వచ్చి, పైకి చూసి, ‘లైటు వెలుగుతోంది కదా మేడమ్, ప్రాబ్లమేంటి?’ అంటాడు. టికెట్ క్లోజ్. వెంటనే ఆమెకు మెయిలు వస్తుంది, మా సేవకు ఎన్ని స్టార్లు ఇస్తారని. రెండో టికెట్ ‘డూప్లికేట్’ అని క్లోజ్. మూడోది మీ అప్రూవల్‌కు వస్తుంది. మీరు హెచ్ఆర్‌కు, హెచ్ఆర్ అడ్మిన్‌కు, అడ్మిన్ బిల్డింగు ఓనరుకు. మధ్యలో ఎవరో ఒకరు ‘ఒక్క లైటు తీస్తే ఫ్లోరు లుక్కు పోతుంది’ అంటారు, ఆ మాటను మినిట్స్‌లో చేర్చండి. ఈలోగా ఆమె టోపీ పెట్టుకుని కూర్చుంటే డ్రెస్ కోడ్ పంపండి.

ఇంత పకడ్బందీగా నడిపినా ఒకచోట దెబ్బతినే అవకాశం ఉంది. నైట్ షిఫ్టు ఎలక్ట్రీషియన్. అవగాహన సదస్సుకు అతన్ని ఎవరూ పిలవలేదు. కాంట్రాక్టు మనిషి కనక టీషర్టు కూడా ఇవ్వలేదు. పక్క వరసలో ఫ్యాను చూడ్డానికి నిచ్చెన వేసుకుని వస్తాడు. ‘అన్నా, ఈ లైటు కళ్ళలో గుచ్చుకుంటోంది’ అంటుందామె. ‘ఏదమ్మా, ఇదా?’ అని ఎక్కి, వైరు ఊడదీసి, టేపు చుట్టి, దిగిపోతాడు. ఎంత శాతం అని అడగడు. ఏ కేటగిరీ అనీ అడగడు.

మర్నాడే సర్క్యులర్ తీయండి. ఏ వరసలో ఏ లైటు, ఎవరి సంతకంతో, ఏ ఫారంలో, ఎన్ని పనిదినాల ముందు దరఖాస్తు పెడితే ముట్టుకోవచ్చో నంబర్లు వేసి, ఎక్కడా రెండర్థాలు రాకుండా రాయండి. ఇలాంటి చోట్ల మీకు స్పష్టత భేషుగ్గా వస్తుంది.