ఆరంగుళాల తెలివి

పాలిటెక్నిక్‌లో పిల్లలకు దూలాలు ఎలా వంగుతాయో పాఠం చెప్పి రిటైరైనవాణ్ణి. ఆ అహంకారమే నా కొంప ముంచింది. కొంపంటే నిజంగా కొంపే.

జంపనిలో మా ఇల్లు ఊరు గుంటూరు జిల్లాలో ఉండగా కట్టింది. 2022లో ఊరు బాపట్ల జిల్లాలోకొచ్చింది. ఆ తరవాతే నాకు బుద్ధి పుట్టింది, వీధిగదిని కొట్టు చేసి అద్దెకిద్దామని. మూడడుగుల గుమ్మం తీసేసి తొమ్మిదడుగుల షట్టరు పెట్టాలి. మేస్త్రి గోడ వంకా స్లాబు వంకా చూసి, "మాస్టారూ, దీనికి మామూలు లింటెల్ ఆగదండీ. అడుగు లోతు దూలం పొయ్యాలి. రెండు చివర్లూ గోడ మీద తొమ్మిదేసి అంగుళాలు కూర్చోవాలి" అన్నాడు.

"ఇన్నాళ్లూ ఆరంగుళాల లింటెల్ మొయ్యలేదుటయ్యా? పొడుగు పెంచు, లోతు అదే ఉంచు" అన్నాను. సిమెంటు, ఇనుము ఖర్చే నాచేత అలా అనిపించింది.

తెలియక అన్నానా అంటే అదీ కాదు. చిన్న గుమ్మం మీద ఇటుకలు కమానులా బిగుసుకుని బరువును పక్కలకు నెట్టేస్తాయి. లింటెల్ మోసేది తన పైనున్న సమబాహు త్రిభుజమంత గోడనే. మూడడుగుల గుమ్మానికి ఆ త్రిభుజం ఎత్తు రెండున్నర అడుగుల పైచిల్లర. మాకు లింటెల్ పైన స్లాబుదాకా మూడడుగుల గోడ ఉంది కనక స్లాబు బరువు పక్కలనుంచి దిగిపోయేది. తొమ్మిదడుగులకైతే త్రిభుజం దాదాపు ఎనిమిదడుగులు లేవాలి. అంత గోడ ఏదీ? ఇక గోడ మొత్తం, దాని మీద ఆనిన సగం స్లాబు, అన్నీ నా ఆరంగుళాల మీదే. పైగా పొడుగు మూడింతలైతే, అడుగుకు పడే బరువు మారకపోయినా వంచే బలం తొమ్మిదింతలవుతుంది. ఈ లెక్క బోర్డు మీద వేసింది నేనే!

సెంట్రింగ్ విప్పిన కొన్నాళ్లకు లింటెల్ నడుమ కిందికి దిగింది. షట్టరు సగంలో బిగుసుకుపోయింది. నేనేం చేశాను? గ్రీజు పూయించాను. మూలల్లోంచి పగుళ్లు ఏటవాలుగా స్లాబుదాకా పాకాక గానీ మేస్త్రికి కబురు పెట్టలేదు. అతను సరుగుడు బాదులు ఆనించి స్లాబును నిలబెట్టి, ఆ లింటెల్ పగలగొట్టి, మొదట చెప్పిన అడుగు దూలమే పోశాడు. ఒక్క మాట అనలేదు. అన్నా బాగుండేది.

మీరూ వీధిగది గోడ పగలగొట్టే ఆలోచనలో ఉంటే, స్లాబు ఏ గోడల మీద కూర్చుందో ముందు ఇంజనీరుకు చూపించండి. పాత గుమ్మం మీది లింటెల్‌ను మాత్రం సాక్ష్యానికి పిలవకండి.