యాభై మైక్రోగ్రాముల సిగ్గు

పారిస్ శివార్లలో 1889 నుంచి ఒక ప్లాటినం-ఇరిడియం దిమ్మె ఉండేది. లోకంలో కిలో అంటే అదే. గాజు మూత మీద గాజు మూత, గదికి మూడు తాళాలు. దాని నకళ్లతో పోల్చి చూస్తే వందేళ్లలో దాదాపు 50 మైక్రోగ్రాముల తేడా తేలింది. కంటికి ఆనని ఆ తేడాకే శాస్త్రవేత్తలు సిగ్గుతో చచ్చిపోయారు. దిమ్మెను పక్కన పెట్టేసి, ప్లాంక్ స్థిరాంకాన్ని ఆధారం చేసుకుని, 2019 మే 20 నుంచి కిలోకి కొత్త నిర్వచనం తెచ్చారు.

అంతకు నెల ముందు, ఏప్రిల్ 18న, తెలంగాణ ఇంటర్ ఫలితాలొచ్చాయి. తెలుగులో 99 రావలసిన అమ్మాయికి సున్నా పడింది. మైక్రోగ్రాములు కాదు స్వామీ, తొంభైతొమ్మిది మార్కులు! గొడవ చేశాక సరిదిద్దారు. ఆ వేసవి ఫలితాలు చూసుకుని ప్రాణాలు తీసుకున్న పిల్లలున్నారు. వాళ్ల మాటొస్తే నాకు వెటకారానికి నోరు రాదు.

కిరాణా కొట్టు కాటాకి తూనికలు, కొలతల శాఖ ముద్ర ఉండాలి. కందిపప్పు తూకం తగ్గితే కేసు. పిల్లల్ని తూచే కాటాకి ముద్ర ఎవరేశారో అడగండి. పైగా తూకం మీద అనుమానమొస్తే రీవెరిఫికేషన్ ఫీజు మోసపోయినవాడే కట్టాలి. ఏ శెట్టిగారికీ ఇంత గొప్ప ఆలోచన రాలేదు.

ఇక జేఈఈ మెయిన్ పర్సంటైల్. దశాంశ బిందువు తర్వాత ఏడంకెలు! ఒకే స్కోరు ఇద్దరికి రాకుండా ఉండటానికట. ఆ ఏడో అంకె పిల్లవాడి తెలివి సంగతి దేవుడెరుగు, పరీక్ష రోజు వాడికి జలుబు చేసిందో లేదో కూడా చెప్పదు. పిన్నిగారికి ఫోన్లో చదివి వినిపించడానికి మాత్రం భేషుగ్గా ఉంటుంది. అది మార్కుల శాతం కాదనీ, ఎంతమంది నీ వెనకున్నారో చెప్పే లెక్క అనీ పిన్నిగారికి ఎవరూ చెప్పరు. ప్రయోగశాలలో అంకె చెప్పినవాడు వెంటనే ‘ఇంత అటూ ఇటూగా’ అంటాడు. ర్యాంకు ప్రకటనల్లో ఆ ‘అటూ ఇటూ’కి జాగా ఉండదు, ఫొటోలకే చాలదు.

ఆసుపత్రికి పోతే అంతా తలకిందులు. హెల్త్ క్యాంపులో వరసలో నిలబడ్డ అందరికీ 120/80. మెట్లెక్కి రొప్పుతూ వచ్చిన తాతగారికీ అదే. బీపీ చూసేముందు అయిదు నిమిషాలు కూర్చోబెట్టాలి, పట్టీ చర్మం మీదే చుట్టాలి, మాట్లాడించకూడదు. ఇక్కడ చొక్కా చేతి మీదే చుట్టేసి, గాలి కొడుతూ, ‘ఉప్పెక్కువ తింటారా?’ అని కబుర్లు.

బీఎంఐ కథ ఇంకోటి. బెల్జియం గణితజ్ఞుడు క్వెటెలే 1830లలో ‘సగటు మనిషి’ కోసం వెతుకుతూ కట్టిన సూత్రమది. ఆయన వైద్యుడు కాడు, ఊబకాయం ఆయన గొడవే కాదు. 170 సెంటీమీటర్ల ఎత్తు, 70 కిలోల బరువైతే బీఎంఐ 24.2. ప్రపంచ ఆరోగ్య సంస్థ పట్టికలో మీరు నిక్షేపం, భారతీయులకు గీసిన 23 గీత ప్రకారం అధిక బరువు. అదే బీఎంఐ దగ్గర మనకి కొవ్వెక్కువ, షుగరు ముప్పెక్కువ కాబట్టి గీత దించడం సబబే. జిమ్ కుర్రాడికి ఆ కారణంతో పనిలేదు. 24.2 చుట్టూ ఎర్రసిరాతో సున్నా చుట్టి మూణ్ణెల్ల ప్యాకేజీ చేతిలో పెడతాడు. నడుం కొలిచి, మగవాళ్లకు 90, ఆడవాళ్లకు 80 సెంటీమీటర్లు దాటిందేమో చూస్తే పొట్ట కొవ్వు సంగతి ఇంతకంటే బాగా తెలుస్తుంది. కానీ దానికి దర్జీ టేపు చాలు, ప్యాకేజీలో పెట్టి అమ్మాలంటే మరీ చవక.