బాడుగ వాక్యమునకు టీకాతాత్పర్యము

మూలము:
“అన్నా, ఈ నెల రోంత ఇబ్బంది. వచ్చే నెల రెండు నెలల బాడుగా కలిపి ఇచ్చేస్తా. ఏమీ అనుకోవద్దు.”

సందర్భము: కర్నూలు నుంచి ఆత్మకూరు పోవు రోడ్డుమీద, జూపాడు బంగ్లాలో, షట్టరు సగము దించిన అంగడి ముందు, బాడుగకున్నవాడు గది యజమానితో పలికినది. పోతిరెడ్డిపాడు తూములు ఎత్తక ముందును, ఎత్తిన పిమ్మటను, పంట అమ్మిన పిమ్మటను ఇదే పలుకబడును గనుక దీనికి ఋతుభేదము లేదు.

ప్రతిపదార్థము: అన్నా = వయసున పదేండ్లు చిన్నవాడవైనను గదికి సొంతదారుడవైనవాడా; ఈ నెల = గడచిన మూడు నెలలును; రోంత = మొత్తము; ఇబ్బంది = కష్టము (ఎవరికని చెప్పలేదు గాన యజమానికని అధ్యాహారము); వచ్చే నెల = ఏ పంచాంగకర్తకును చిక్కని మాసము; కలిపి = పాతదానిమీద కొత్తది చేర్చి; ఇచ్చేస్తా = ఇవ్వవలెనను కోరిక కలదు; ఏమీ అనుకోవద్దు = వకీలు దగ్గరికి పోవద్దు.

తాత్పర్యము: బాడుగ రాదు. గదియు రాదు.

విశేషములు: ఈ వాక్యార్థము పలికిన ఊరిని బట్టి మారును. దీనిని పూర్వవ్యాఖ్యాతలు గమనింపలేదు. యజమానులు అసలే గమనింపరు.

నంద్యాల 1899 నుంచి మునిసిపాలిటీ. కావున అచ్చట 1960 నాటి ఆంధ్రప్రదేశ్ అద్దె నియంత్రణ చట్టము ప్రమాణముగా ఉండెడిది. దాని 10వ సెక్షను చెప్పినది ఏమనగా: ఒప్పందపు గడువు దాటిన 15 రోజులలోపల, ఒప్పందమే లేనిచో మరుసటి నెల ఆఖరుదినములోపల బాడుగ చెల్లింపనివానిని ఖాళీ చేయింపుమని అడుగవచ్చును. అడుగగానే చేయించెడివారా? లేదు. ఎగవేత బుద్ధిపూర్వకము కాదని రెంట్ కంట్రోలరుకు తోచెనా, 15 రోజులకు మించని గడువిచ్చెడివాడు. ఆలోపల కట్టినచో పిటిషను కొట్టివేయబడెడిది. కనుక నంద్యాలలో “రోంత ఇబ్బంది” అనునది అప్పుడు ఊరక పలికిన మాట కాదు, ముందుజాగ్రత్తగా వేసికొన్న జవాబు.

బుద్ధిపూర్వకమనగా ఏమి? 1985లో, తమిళనాడు అద్దెదార్ల తగవులలో, సుందరం పిళ్లై కేసనబడు తీర్పునందు సుప్రీంకోర్టువారు ఈ ఒక్క మాటకు నిఘంటువులు వరుసగా తిరగవేసి, తెలిసి, తలచి, ఫలితమెరిగి చేసినదే అట్టి ఎగవేత అని తేల్చిరి. ధర్మమూర్తులే ప్రతిపదార్థము వ్రాయగా నావంటివాడు వ్రాసిన తప్పేమి?

ఐతే ఆ రక్షణ చిన్న బాడుగలకే ఉండెడిది. 2005 సవరణ ప్రకారము బాడుగ కార్పొరేషన్లలో నెలకు 3,500, తక్కినచోట్ల 2,000 రూపాయలు మించిన కట్టడములకు ఆ 1960 నాటి చట్టము వర్తించెడిది కాదు. నంద్యాల బజారున రెండువేలకు ఏ అంగడి దొరకెడిదో పాఠకులే ఊహించుకొనవలెను.

ఇక జూపాడు బంగ్లా మునిసిపాలిటీ కాదు. ఇచ్చటికి 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టమే గతి. దాని 106వ సెక్షను ప్రకారము, వేరు ఒప్పందము లేనిచో, నెలబాడుగ గదికి 15 రోజుల నోటీసు చాలును. బాకీ ఉన్నదా లేదా అని ఆ సెక్షను అడుగనే అడుగదు. ఒకటవ తేదీ తెల్లవారగానే బాడుగ తెచ్చియిచ్చు ఉత్తమునికైనను, మూలములోని మహానుభావునికైనను అదే నోటీసు, అదే గడువు. కావున ఇచ్చట మూలవాక్యము కోర్టుకు అక్కరలేని కవిత్వము. ఐనను నోటీసులలో నాలుగు పుటలు బాకీచరిత్రయే ఉండును. ఆ చరిత్రను రుజువు చేయబోయి యజమాని తానే తన దావాను ఏండ్లకేండ్లు సాగదీయును. వ్యాఖ్యాత దృష్టిలో ఇది పునరుక్తి కన్న పెద్ద దోషము.

లీజు కాగితము గడువు ఇంకను మిగిలియుండగా, బాడుగ కట్టలేదను షరతు చూపి లీజు రద్దు చేసినచో మాత్రము కథ మారును. అదే చట్టపు 114వ సెక్షను కింద బాకీయు, వడ్డీయు, ఖర్చులును కట్టినవానిని కోర్టు కరుణింపవచ్చును.

పాఠభేదము: 2002 సంవత్సరాంతమునకు ముందు నోటీసు గడువు సరిగా కిరాయినెల ముగియు దినముననే ముగియవలెను. ఒక్కదినము తప్పినను దావా కూలెడిది. బాకీని గూర్చి కాక తేదీని గూర్చి వాదించి గెలిచినవారు ఆ కాలమున కొల్లలు. ఆ సంవత్సరాంతమున 106వ సెక్షనుకు వచ్చిన సవరణ పిమ్మట, గడువు తక్కువ వ్రాసినను, 15 రోజులు నిండినాక దావా వేసినచో చాలును. వకీళ్లకు ఒక రసము తగ్గినది.

శంక: నోటీసు అందిన మరునాడే వాడు బాడుగ తెచ్చి చేతిలో పెట్టినచో?

సమాధానము: ఇన్నాళ్లు ఆ డబ్బుకై తిరిగినవాడు ఇప్పుడు చేయి వెనుకకు లాగుకొనును. బాడుగగా పుచ్చుకొనినచో నోటీసును వదలుకొన్నట్లేయని 113వ సెక్షను చూపుదురను భయము. తెలిసినవాడు “వాడుక పరిహారము కింద, నా హక్కులకు భంగము లేకుండ” అని వ్రాసి పుచ్చుకొనును. తెలియనివాడు వద్దని పంపి, “ఇస్తానంటే తీసుకోలేదు” అని సాక్షులతో సహా నిందపాలగును.

కడపట దావా దాఖలు. కిరాయిదారుని ఖాళీ చేయించు దావాకు కోర్టుఫీజు, దాఖలునాటికి ముందటి ఏడాది చెల్లవలసిన బాడుగమీద లెక్కింతురు. చెల్లవలసినది అనియే గాని చెల్లినది అని కాదు. యజమాని జేబు తడుముకొని, చేతికందని పన్నెండు నెలల బాడుగమీద రుసుము లెక్కగట్టి చెల్లించి, రసీదు పుచ్చుకొనును.