పదివేల నంబరు సీటు

ఆర్టీసీ బస్సులో సీటు ఎవరిదంటే, కిటికీలోంచి ముందు కర్చీఫ్ వేసినవాడిది. సర్వర్‌లో పోర్టు సంగతీ అంతే. ఏ నంబరు ఎవరిదో రాసిపెట్టిన జాబితా ఐయానా అనే సంస్థ దగ్గర ఉంది. అందులో 10000ని బ్యాకప్‌ల కోసం పుట్టిన ఎన్‌డీఎంపీ అనే ప్రోటోకాల్ పేర రాశారు. ఆపరేటింగ్ సిస్టమ్‌కి ఆ రిజర్వేషన్ చార్టుతో పనిలేదు. ముందొచ్చినవాణ్ణి కూర్చోబెట్టి, తర్వాతొచ్చినవాణ్ణి దింపేస్తుంది.

మా ఆఫీసు లినక్స్ సర్వర్‌లో ముందొచ్చి కూర్చున్నది వెబ్‌మిన్. బ్రౌజర్‌లోంచి సర్వర్‌ని నడిపే ఈ పనిముట్టుకీ పుట్టుకతో వచ్చిన పోర్టు 10000. గుండ్రటి అంకెలంటే ఎవరికి మోజుండదు? అదే సర్వర్‌లోని ఎన్‌డీఎంపీ బ్యాకప్ ఏజెంటుకీ ఆ సీటే కావాలి. అది దొరక్క బ్యాకప్ ఆగిపోయేది.

"65,535 పోర్టులుండగా ఇద్దరూ ఒక్కదానికోసం కొట్టుకోవడమేంటయ్యా?" అన్నారు మేనేజరు గారు.

తమాషా ఏమిటంటే, రీస్టార్ట్ చేస్తే ఒక్కోసారి బ్యాకప్ ఏజెంటే ముందు లేచేది. ఆ రాత్రి బ్యాకప్ శుభ్రంగా అయ్యేది. దాంతో సర్వరోగ నివారిణి రీస్టార్టేనని మా కుర్రాళ్లకు నమ్మకం కుదిరింది. కాదన్న నన్ను నాస్తికుణ్ణి చూసినట్టు చూసేవారు. పైగా బ్యాకప్ అంత మొహమాటస్తుడు మరొకడు లేడు. ప్రింటర్ ఆగితే ఆఫీసంతా గగ్గోలు. బ్యాకప్ ఆగితే ఒక ఈమెయిల్ వెళ్తుంది, అదీ ఎప్పుడో రిటైరైన ఆయనకి.

చివరికి ఎస్‌ఎస్ కమాండు కొడితే సీట్లో కూర్చున్నదెవరో ప్రాసెస్ నంబరుతో సహా బయటపడింది. ఇప్పుడెవర్ని లేపాలి? బ్యాకప్‌ని కదిపితే అది మాట్లాడే ప్రతి సర్వర్‌కీ, మధ్యలోని ఫైర్‌వాల్‌కీ కొత్త నంబరు చెప్పుకుంటూ తిరగాలి. వెబ్‌మిన్‌కైతే మినీసర్వ్ డాట్ కాన్ఫ్ ఫైల్లో పోర్టు మార్చి, ఓసారి ఆపి మొదలుపెడితే సరి. వెబ్‌మిన్‌నే లేపాం.

"20000 ఇద్దాం సార్, గుర్తుంటుంది" అన్నాడు మా కుర్రాడు.

"అది దాని తమ్ముడు యూజర్‌మిన్‌ది నాయనా."

"8080?"

"అక్కడ టామ్‌క్యాట్ ఉంది."

"పోనీ, మా ఊరి పిన్‌కోడ్?"

"ఆరంకెలా! 65,535 దాటితే పోర్టే లేదు."

గుండ్రంగా లేనిది, ఎవరికీ ముచ్చట కలగనిది కావాలన్నాను. ఆలోచించి తన బండి నంబరు చెప్పాడు. చూస్తే ఖాళీగానే ఉంది, ఖాయం చేశాం. బ్యాకప్ రోజూ అవుతోంది.

మొన్న వాడు బండి మార్చాడు. "సార్, వెబ్‌మిన్ నంబరు కూడా మార్చాలా?" అని అడుగుతున్నాడు.