లాగౌట్ సూత్రం: టీకా తాత్పర్యం

మూలము:
వాన గురిసెనేని విడతవిడతగా లాగౌటు గావలెను.

అవతారిక: ఈ సూత్రానికి కర్తలు సైబరాబాద్ పోలీసులు. 2023 జూలై చివరి వారంలో ఎడతెగని వానలకు ఐటీ కారిడార్ ఎక్కడికక్కడ నిలిచిపోయినప్పుడు వెలువడింది. అసలు ప్రకటన ఇంతకంటే పెద్దది; దాన్ని కుదించి సూత్రం చేసిన పాపం వ్యాఖ్యాతది. వానకూ వ్యాఖ్యకూ మన వైపు పాత చుట్టరికమే. కాళిదాసు మేఘుడికి వ్యాఖ్యానం రాసిన మల్లినాథసూరిది మెదక్ జిల్లా కొల్చారం. అక్కరలేని మాట చెప్పనని ఆయన నియమం పెట్టుకున్నాడు. మేం పెట్టుకోలేదు.

ప్రతిపదార్థము: వాన గురిసెనేని = చినుకు పడితే, లేదా పడేలా ఉందని ఆఫీసు వాట్సాప్ గ్రూపులో ఎవరైనా అంటే; విడతవిడతగా = అందరూ ఒక్కసారే రోడ్డెక్కకుండా చెదిరి; లాగౌటు = కంప్యూటరును వదలుట; కావలెను = అయితే బాగుండును.

చివరి పదం మీద కొంచెం ఆగాలి. మామూలుగా పోలీసులు జనాన్ని చెదరగొట్టడమంటే లాఠీ కనిపిస్తుంది, జనం పరిగెత్తడం కనిపిస్తుంది. ఇక్కడ చెదరగొట్టాల్సింది ఇంకా గుమిగూడని జనాన్ని. వాళ్లేమో ఏసీ గదుల్లో, మెడలో బ్యాడ్జీలతో, తమ పనేదో తాము చేసుకుంటున్నారు. అందుకే ఇది ఆజ్ఞ కాదు, సూచన. మీమాంసకుల భాషలో విధి కాదు, అర్థవాదం. మేనేజర్లలో మీమాంస చదివినవాళ్లు ఎక్కువమంది ఉన్నట్టున్నారు.

'లాగౌటు' పైకి తేలిక పదం, లోపల కొరకరాని కొయ్య. కంప్యూటరు వదిలినవాడు కుర్చీ వదిలినట్టు కాదు, కుర్చీ వదిలినవాడు భవనం వదిలినట్టు కాదు. మూడింటికి సిస్టమ్ మూసినవాడు లిఫ్టు కోసం నిలబడి, బేస్‌మెంట్ మూడో అంతస్తులో కారు తీసి, ర్యాంపు మధ్యలో ముందుకారు బంపర్ చూస్తూ ఆగుతాడు. డ్యాష్‌బోర్డు మీద ఫోన్లో మీటింగు మ్యూట్‌లో నడుస్తూనే ఉంటుంది. పేరు పిలవగానే అన్‌మ్యూట్ చేసి "ఆ, ఉన్నానండీ" అంటాడు. సరిగ్గా అప్పుడే పైన రెయిన్‌కోటు గార్డు విజిల్ ఊదుతాడు. ఆ విజిల్ బెంగళూరు దాకా వినిపిస్తుంది.

ఇక 'విడతవిడతగా'. ఐకియా నుంచి సైబర్ టవర్స్ దాకా ఉన్న ఆఫీసులు మూడు గంటలకు. ఐకియా నుంచి బయోడైవర్సిటీ, రాయదుర్గం వైపువి నాలుగున్నరకు. ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్, గచ్చిబౌలివి మూడు నుంచి ఆరు మధ్య. (2018లో దేశంలోనే తన మొదటి దుకాణమని ఐకియా ఇక్కడ తలుపు తీసింది. మంచాలూ బల్లలూ అమ్ముకోవడానికొచ్చిన కొట్టు పోలీసుల సూత్రంలో ఎల్లరాయి అయి కూర్చుంది.)

ఇచట పూర్వపక్షి లేచి అడుగుతాడు: మొదటి విడతా మూడింటికే, మూడో విడతా మూడింటికే మొదలైతే అది మూడోది ఎట్లా అవుతుందయ్యా? సమాధానం: ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్ వాళ్లకు పక్కనే ఔటర్ రింగ్ రోడ్డుంది. దేశభేదం ఉన్నచోట కాలభేదంతో పనిలేదు. ఈ సమాధానం వ్యాఖ్యాతకే పూర్తిగా మింగుడుపడలేదు. కూకట్‌పల్లి వెళ్లాల్సినవాడు ఔటర్ ఎక్కి ఏం చేస్తాడు?

అసలు చిక్కు గడియారంలో లేదు. 1998 నవంబరులో వాజపేయి చేతుల మీదుగా సైబర్ టవర్స్ తెరుచుకున్నప్పుడు అది నారుమడి. నారుమడిలో ఒత్తుగానే పోస్తారు, తప్పులేదు. తీసి వేరే మళ్లలో నాటాలి కదా, ఆ పని ఆలస్యమైంది. 2020లో తెలంగాణ ప్రభుత్వం గ్రిడ్ అని ఒక విధానం తెచ్చింది. గ్రోత్ ఇన్ డిస్పర్షన్, అనగా చెదురుతూ ఎదుగుట. ఐటీని పడమటి నుంచి ఉప్పల్, కొంపల్లి వంటి వైపులకు పంచాలని ఉద్దేశం. అదే ఏడు కరీంనగర్‌లో, ఖమ్మంలో ఐటీ టవర్లు తెరిచారు. మూడేళ్ల తర్వాత ఇదిగో ఈ సూత్రం! స్థలంలో చెదరగొట్టడానికి ప్రభుత్వం మొదలుపెట్టిన పనిని కాలంలో చెదరగొట్టడానికి పోలీసులు దిగాల్సి వచ్చింది. పోలీసులను తప్పుపట్టలేం. వాళ్ల చేతిలో ఉన్నది గడియారం ఒక్కటే.

ప్రసంగవశాత్తు ఒక మాట. చెదరడం గురించి శాస్త్రంగా రాసినవాడు మన తెలుగువాడే: రామన్ శిష్యుడు సూరి భగవంతం. కాంతి పరిక్షేపణం, రామన్ ప్రభావాల మీద 1940లో ఇంగ్లిష్‌లో పుస్తకం వేశాడు, తర్వాత ఉస్మానియాకు ఉపకులపతి కూడా అయ్యాడు. గాలిలో నీలం ఎక్కువగా చెదురుతుంది, ఎరుపు తక్కువగా. ఐటీ కారిడార్‌లో వాన వెలిసిన సాయంత్రం బయోడైవర్సిటీ ఫ్లైఓవర్ ఎక్కి చూస్తే ఎరుపు పట్టుదల ఎంతటిదో పుస్తకం అక్కర్లేకుండానే తెలుస్తుంది. చూడటానికి కావలసినంత సమయం కూడా ఫ్లైఓవరే ఇస్తుంది.

వ్యాకరణ విశేషము: సూత్రంలో కర్త లేడు. ఎవరు లాగౌటు కావలెను? ఉద్యోగి అని అధ్యాహారం. మరి క్యాబ్ డ్రైవరు? మూడింటికి మైండ్‌స్పేస్ గేటు దగ్గర ఒకరిని ఎక్కించుకుని, వాళ్లను మియాపూర్‌లో దింపి, నాలుగున్నర బుకింగ్‌కు రాయదుర్గం ఎదురు రావాల్సినవాడు. అందరూ చెదిరి వెళ్లే దారిలో అతడు మాత్రం తిరిగి వస్తుంటాడు, ఎదురుగా వచ్చే హెడ్‌లైట్లన్నీ అతడి కళ్లలోనే. అతడికి లాగౌటు లేదు కనుక కర్త కాడు. అతని చేత, అతని తోడ పని జరుగుతోంది గనుక తృతీయా విభక్తిలో పెట్టాలి. ఏ విడత కిందికి వస్తాడంటారా? మూడింటి కిందికీ.